పిలిస్తే పలికే స్ట్రైకర్

2020 ఆగస్టు 12, లిస్బన్‌లోని ఎస్తాదియో దా లూజ్. అరవై వేల మందికి పైగా పట్టే స్టేడియంలో ప్రేక్షకుడన్నవాడు ఒక్కడు లేడు. కరోనా రోజులు కదా, ఛాంపియన్స్ లీగ్ క్వార్టర్ ఫైనల్‌ని కూడా ఒక్క మ్యాచ్‌తోనే తేల్చేస్తున్నారు. పారిస్ సెయింట్ జెర్మేన్ క్లబ్ పుట్టి సరిగ్గా ఆ రోజుకి 50 ఏళ్లు. పుట్టినరోజు నాడు పీఎస్‌జీ ఇటలీ జట్టు అటలాంటా చేతిలో 0-1తో వెనకబడి ఉంది. నెయ్‌మార్ కళ్లముందున్న ఛాన్సులు వదిలేస్తున్నాడు. గాయం నుంచి ఇంకా పూర్తిగా తేరుకోని ఎంబాపే రెండో సగంలో దిగాడు. గడియారం మాత్రం ఆగట్లేదు.

ఇంకో పది నిమిషాలు ఉందనగా కోచ్ థామస్ టుకెల్ స్ట్రైకర్ ఇకార్డీని వెనక్కి పిలిచి, బెంచ్ మీద నుంచి ఒక పొడుగాటి మనిషిని లోపలికి పంపాడు. 90వ నిమిషంలో మార్కిన్యోస్ స్కోరు సమం చేశాడు. అదనపు సమయం మూడో నిమిషంలో నెయ్‌మార్ నుంచి ఎంబాపేకి, ఎంబాపే నుంచి ఆ పొడుగాటి మనిషికి బంతి వచ్చింది. అతను కాలు చాపాడు. 2-1. పీఎస్‌జీ 1995 తర్వాత మళ్లీ ఛాంపియన్స్ లీగ్ సెమీస్‌లో అడుగుపెట్టింది. మనకి అప్పటికే తేదీ మారిపోయి రాత్రి రెండు దాటింది. మేలుకుని చూసినవాళ్లు అదృష్టవంతులు.

ఆ మనిషి పేరు ఎరిక్ మాక్సిమ్ చూపో-మోటింగ్. కామెరూన్ స్ట్రైకర్. ఈ వారం కాలమ్ అతని గురించే.

ఆ రాత్రి గురించి చాలామందికి తెలియని సంగతి ఒకటుంది. మామూలుగా అయితే చూపో-మోటింగ్ ఆ రోజు అక్కడ ఉండకూడదు. పీఎస్‌జీతో అతని కాంట్రాక్టు జూన్ 30నే అయిపోయింది. కరోనా వల్ల సీజన్ ఆగస్టు దాకా సాగింది కాబట్టి, కాంట్రాక్టు ముగుస్తున్నవాళ్లను రెండు నెలలు ఉండమని క్లబ్ అడిగింది. అప్పటికి క్లబ్ చరిత్రలోనే అత్యధిక గోల్స్ కొట్టిన కవానీ సరే అనలేదు, వెళ్లిపోయాడు. చూపో-మోటింగ్ ఉండిపోయాడు. అంటే యాభై ఏళ్ల క్లబ్ పరువు నిలబెట్టిన గోల్, రెండు నెలల ఎక్స్‌టెన్షన్ మీద ఉన్న మనిషి కొట్టాడన్నమాట.

జర్నీమ్యాన్ అంటే ఎవరు?

ఫుట్‌బాల్‌లో ఇలాంటి ఆటగాళ్లకి ఒక పేరుంది. జర్నీమ్యాన్. ఒక చోట నిలవకుండా క్లబ్ నుంచి క్లబ్‌కి తిరిగేవాడు అని అర్థం చెప్పుకుంటాం. తిరిగే కాలు, తిట్టే నోరు ఊరుకోవని మనకో సామెత ఉండనే ఉంది. ఆ మాట అనేటప్పుడు గొంతులో కొంచెం చులకన కూడా ఉంటుంది. "వాడా? జర్నీమ్యాన్‌లే" అంటారు. ఎక్కడా కుదురుకోలేకపోయాడని, ఎవరూ గట్టిగా పట్టుకోలేదని దాని భావం.

కానీ ఆ మాట పుట్టింది ప్రయాణం నుంచి కాదు. ఫ్రెంచ్‌లో 'జూర్నే' అంటే ఒక రోజు, ఒక రోజు పని. పాతకాలపు యూరప్‌లో వడ్రంగమో తాపీపనో పూర్తిగా నేర్చుకుని, ఇంకా సొంత దుకాణం పెట్టుకోని పనివాణ్ణి జర్నీమ్యాన్ అనేవారు. ఏ రోజు పనికి ఆ రోజు కూలి. ఎక్కడ పనుంటే అక్కడికి పోవాలి. కానీ ఒక్క విషయం మర్చిపోకండి, అతను పని వచ్చినవాడు. నేర్చుకునే కుర్రాడు కాదు.

కోట్లలో జీతం తీసుకునే ఫుట్‌బాలర్‌ని రోజుకూలీతో పోలుస్తావా అని మీరు అడగొచ్చు. న్యాయమైన ప్రశ్నే. డబ్బు సంగతి పక్కన పెట్టండి. రేపు నీకు ఇక్కడ పని ఉందో లేదో తెలియకుండా, ఈ రోజు పని మాత్రం పూర్తిగా చేయడం అనే బతుకు గురించి నేను మాట్లాడుతున్నాను. ఆ బతుకు చూపో-మోటింగ్ దాదాపు ఇరవై ఏళ్లు బతికాడు.

ఫ్యాక్స్ మెషిన్ మొరాయించిన రోజు

అతను పుట్టింది జర్మనీలోని హాంబర్గ్‌లో, 1989 మార్చి 23న. నాన్నది కామెరూన్, అమ్మ జర్మన్. సొంత ఊరి పెద్ద క్లబ్ హాంబర్గర్ ఎస్‌వీలోనే 2007లో సీనియర్ జట్టుకి ఆడాడు. ఊరి కుర్రాడు ఊరి క్లబ్‌లో హీరో అవ్వడం, కథ అలా సాగితే బాగుండేది. సాగలేదు. 2009లో నూరెంబర్గ్‌కి అప్పుగా పంపారు. ఆ సీజన్ చివర ప్లేఆఫ్ ఆడి మరీ ఫస్ట్ డివిజన్‌లో నిలబడిన జట్టు అది. తిరిగొచ్చాక హాంబర్గ్‌లో మళ్లీ అంతంతమాత్రమే.

2011 జనవరి 31, ట్రాన్స్‌ఫర్ విండో ఆఖరి రోజు. కొలోన్ క్లబ్ అతన్ని తీసుకోవడానికి ఒప్పుకుంది. హాంబర్గ్ కూడా సరే అంది. సంతకాలు పెట్టిన కాగితాలు ఫ్యాక్స్‌లో వెళ్లాలి. ఫ్యాక్స్ మెషిన్ మొరాయించింది. కాగితాలు గడువు దాటిన కొద్ది నిమిషాలకి చేరాయి. డీల్ క్యాన్సిల్.

పీడీఎఫ్ వాట్సాప్‌లో పంపే మనకి ఇది జోక్‌లా ఉంటుంది. ఇరవై ఒక్కేళ్ల కుర్రాడికి మాత్రం జోక్ కాదు. వద్దనుకున్న క్లబ్‌లోనే ఇంకో అర్ధ సంవత్సరం ఉండాలి. రోజూ ప్రాక్టీస్‌కి వెళ్లి, తనని పంపించేద్దామనుకున్నవాళ్ల మొహాలే చూడాలి. అతను ఉన్నాడు. కాంట్రాక్టు అయ్యాక 2011 వేసవిలో ట్రాన్స్‌ఫర్ ఫీజు లేకుండా మైన్జ్ క్లబ్‌కి వెళ్లాడు.

అక్కడ కోచ్‌గా ఒక సన్నటి, చురుకైన యువకుడు ఉండేవాడు. థామస్ టుకెల్. ఈ పేరు గుర్తుంచుకోండి. పనివాడి కథలో మేస్త్రీ ఇతనే.

టుకెల్ దగ్గర మూడేళ్లు. తర్వాత 2014లో షాల్కే. అక్కడా మూడేళ్లు. 2017లో ఇంగ్లండ్‌లోని స్టోక్ సిటీ. గమనించారా, ప్రతిసారీ కాంట్రాక్టు అయ్యాక ఫ్రీగా వెళ్లడమే. ఇతని కోసం వందల కోట్లు కుమ్మరించిన క్లబ్ ఒక్కటీ లేదు. పేపర్లలో బ్యానర్ హెడ్‌లైన్ పడే రకం కాదు. కానీ ఖాళీగా కూర్చున్న వేసవి కూడా లేదు. ఒకచోట తలుపు మూసుకుంటే ఇంకొకచోట ఎవరో ఒకరు ఫోన్ చేస్తూనే ఉన్నారు.

ఎందుకు చేసేవారంటే, ఆట చూస్తే తెలుస్తుంది. ఎత్తు ఆరడుగుల మూడంగుళాలు. గోల్‌కి వీపు పెట్టి నిలబడి, వెనక నుంచి డిఫెండర్ తోస్తున్నా బంతిని కాళ్ల దగ్గర ఆపి, పరిగెత్తుకొస్తున్న తోటి ఆటగాడికి మెత్తగా అందించగలడు. అంత ఎత్తున్నవాళ్లకి సాధారణంగా ఉండని డ్రిబ్లింగ్ ఉంది, అందుకే పక్క వైపున వింగర్‌గా కూడా ఆడించేవారు. సెంటర్, ఎడమ, కుడి ఎక్కడైనా పనికొస్తాడు. కోచ్‌కి ఇలాంటి ఒక్కడు బెంచ్ మీద ఉంటే ముగ్గురున్నట్టు లెక్క.

స్టోక్ నుంచి పారిస్‌కి

స్టోక్‌లో మొదలు బాగానే అదిరింది. 2017 సెప్టెంబర్‌లో మాంచెస్టర్ యునైటెడ్‌తో 2-2 మ్యాచ్‌లో రెండు గోల్స్ ఇతనివే. కానీ సీజన్ మొత్తం మీద స్టోక్ మునిగిపోయింది. పదేళ్లు ప్రీమియర్ లీగ్‌లో ఉన్న క్లబ్ 2018 మేలో కింది డివిజన్‌కి పడిపోయింది.

డిమోట్ అయిన జట్టు స్ట్రైకర్ తర్వాత ఎక్కడికి వెళ్తాడని ఎవర్నడిగినా ఏదో చిన్న క్లబ్ పేరు చెప్తారు. 2018 ఆగస్టు ఆఖరి రోజున వచ్చిన వార్త ఏంటంటే, చూపో-మోటింగ్ పీఎస్‌జీకి! నెయ్‌మార్, ఎంబాపే, కవానీ ఉన్న జట్టుకి! సోషల్ మీడియా పగలబడి నవ్వింది. అసలు సంగతి చాలా సింపుల్. ఆ వేసవిలోనే పీఎస్‌జీకి కొత్త కోచ్ వచ్చాడు. పేరు థామస్ టుకెల్. పెద్ద బంగళా కాంట్రాక్టు దొరికిన మేస్త్రీ, చిన్న ఊళ్లో తన దగ్గర పనిచేసిన నమ్మకస్తుడికి ఫోన్ కొట్టినట్టు అనుకోండి.

నవ్వినవాళ్లకి 2019 ఏప్రిల్ 7న పండగ దొరికింది. స్ట్రాస్‌బర్గ్‌తో మ్యాచ్. గెలిస్తే పీఎస్‌జీ ఆ రాత్రే లీగ్ ఛాంపియన్. మొదట్లోనే చూపో-మోటింగ్ గోల్ కొట్టాడు కూడా. స్కోరు 1-1 ఉన్నప్పుడు తోటి ఆటగాడు ఎంకుంకూ గోల్‌కీపర్ మీదుగా బంతిని లేపాడు. అది నెమ్మదిగా దొర్లుకుంటూ గోల్‌లోకి పోతోంది. అడ్డం ఎవరూ లేరు. గీత దగ్గర చూపో-మోటింగ్ కాలు పెట్టాడు. బంతి పోస్ట్‌కి తగిలి బయటే ఉండిపోయింది. సొంత జట్టు గోల్‌ని తనే ఆపేశాడు! మ్యాచ్ 2-2తో డ్రా. టైటిల్ సంబరాలు వాయిదా.

ఆ వీడియో మీ ఫోన్‌లోకి కూడా ఏదో ఒక రూపంలో వచ్చే ఉంటుంది. ప్రపంచంలోనే ఘోరమైన మిస్ అని, డిఫెండర్ ఆఫ్ ద మ్యాచ్ అని ఎన్ని మీమ్స్ వచ్చాయో లెక్కలేదు. అదే మ్యాచ్‌లో అతను ఒక గోల్ కొట్టాడన్న మాట మాత్రం ఏ మీమ్‌లోనూ లేదు. పది సెకన్ల క్లిప్‌కి అంత ఓపిక ఉండదు కదా!

నాకు ఆ క్లిప్ కంటే తర్వాతి పదహారు నెలలే ముఖ్యం అనిపిస్తాయి. లోకమంతా నవ్విన మనిషి మర్నాడు ప్రాక్టీస్‌కి వెళ్లాడు. ఆ మర్నాడూ వెళ్లాడు. మ్యాచ్ ఆడే అవకాశాలు తగ్గాయి. 2020 జనవరి వచ్చింది, మార్చి వచ్చింది, కరోనా వచ్చింది, కాంట్రాక్టు అయిపోయింది. ఆగస్టులో లిస్బన్ వచ్చింది. అప్పుడు కాలు సరిగ్గా పడింది. మొదటి క్లిప్‌ని, రెండో క్లిప్‌ని పక్కపక్కన పెట్టి చూడండి. రెండింట్లోనూ గోల్‌కి అడుగు దూరంలో ఉన్నాడు. అసలు అక్కడ ఉండటమే స్ట్రైకర్ పని. కాలు ఒకసారి తప్పుగా పడింది, ఒకసారి ఒప్పుగా పడింది. అక్కడికి చేరడం మాత్రం అతను మానలేదు.

ఓడించినవాళ్ల దగ్గరే ఉద్యోగం

ఆగస్టు 23న అదే లిస్బన్‌లో ఫైనల్. ప్రత్యర్థి బయర్న్ మ్యూనిక్. కోమాన్ హెడర్‌తో బయర్న్ 1-0 ముందుంది. 80వ నిమిషంలో చూపో-మోటింగ్ మళ్లీ దిగాడు. అదనపు సమయంలో బంతి గోల్ ముందు నుంచి అడ్డంగా దూసుకుపోయింది. అతను కాలు చాపాడు. ఈసారి అందలేదు. పీఎస్‌జీ ఓడింది, రెండు నెలల ఎక్స్‌టెన్షన్ అయిపోయింది, మళ్లీ పని వెతుక్కోవాలి.

అక్టోబర్ మొదట్లో ఫోన్ వచ్చింది. చేసింది ఎవరో కాదు, బయర్న్ మ్యూనిక్. ఒక్క ఏడాది కాంట్రాక్టు. పని ఏంటంటే, రాబర్ట్ లెవాండోవ్‌స్కీకి ప్రత్యామ్నాయంగా కూర్చోవడం. ఆ సీజన్‌లో లెవాండోవ్‌స్కీ లీగ్‌లో 41 గోల్స్ కొట్టి గెర్డ్ ముల్లర్ 40 గోల్స్ రికార్డు బద్దలుకొట్టాడు. అలాంటి మనిషి వెనక బెంచ్ మీద ఉన్నవాడికి ఎన్ని నిమిషాలు దొరుకుతాయో మీరే ఊహించండి. బెంచ్ అంటే ఏంటో మన సాఫ్ట్‌వేర్ మిత్రులకి నేను వేరే చెప్పక్కర్లేదు. జీతం వస్తుంది, ఐడీ కార్డు ఉంటుంది, లోపల మాత్రం ఒక పురుగు తొలుస్తూ ఉంటుంది.

2021 మార్చి చివర్లో పోలండ్‌కి ఆడుతూ లెవాండోవ్‌స్కీ మోకాలు దెబ్బతింది. ఏప్రిల్‌లో ఛాంపియన్స్ లీగ్ క్వార్టర్ ఫైనల్. ఎవరితో? పీఎస్‌జీతో! మ్యూనిక్‌లో మంచు కురుస్తుండగా చూపో-మోటింగ్ హెడర్‌తో గోల్ కొట్టాడు. వారం తర్వాత పారిస్‌లో ఇంకోటి. మొత్తం స్కోరు 3-3 అయినా, పరాయి గడ్డ మీద గోల్స్ నిబంధనతో బయర్న్ ఇంటికెళ్లింది. అతను చేయాల్సింది మాత్రం చేశాడు.

2022 వేసవిలో లెవాండోవ్‌స్కీ బార్సిలోనాకి వెళ్లిపోయాడు. బయర్న్ లివర్‌పూల్ నుంచి మానేని తెచ్చింది. సీజన్ మొదలైంది, జట్టుకి గోల్ ముందు నిలబడే అసలైన నంబర్ 9 లేడని కోచ్ నాగెల్స్‌మాన్‌కి నెల రెండు నెలల్లోనే అర్థమైంది. ఉన్నవాడు ఒక్కడే, వయసు 33. ఆ శరదృతువులో చూపో-మోటింగ్ కెరీర్‌లోనే బెస్ట్ ఫుట్‌బాల్ ఆడాడు. అక్టోబర్ 26న బార్సిలోనా సొంత మైదానం క్యాంప్ నౌలో బయర్న్ 3-0తో గెలిచింది. రెండో గోల్ ఇతనిది. అవతలి జట్టులో సెంటర్ ఫార్వర్డ్ ఎవరో తెలుసుగా, లెవాండోవ్‌స్కీ. ఆ సీజన్‌లో లీగ్‌లో పది గోల్స్ కొట్టాడు. 2023 మార్చిలో ఛాంపియన్స్ లీగ్‌లో మళ్లీ పీఎస్‌జీ ఎదురైతే, మ్యూనిక్‌లో మొదటి గోల్ మళ్లీ ఇతనే. మెస్సీ, ఎంబాపే ఉన్న పీఎస్‌జీ 2-0తో ఓడి ఇంటిదారి పట్టింది.

2023 వేసవిలో బయర్న్ హ్యారీ కేన్‌ని కొన్నది. చూపో-మోటింగ్ లేచి, బెంచ్ మీద తన పాత సీట్లో కూర్చున్నాడు.

కామెరూన్ దారి

ఇక్కడ కామెరూన్ సంగతి చెప్పకపోతే కథ సగమే. అతను జర్మనీ అండర్-21కి ఆడాడు. 2010 ప్రపంచకప్ ముందు కామెరూన్‌ని ఎంచుకున్నాడు. సరదాగా తీసుకునే నిర్ణయం కాదది. పుట్టి పెరిగిన దేశం ఒకటి, నాన్న దేశం ఒకటి. ఒకసారి సీనియర్ ప్రపంచకప్ ఆడాక వెనక్కి రావడం ఉండదు. ఆ ప్రపంచకప్‌లో కామెరూన్ మూడు మ్యాచ్‌లూ ఓడింది. 2014లో బ్రెజిల్‌లోనూ మూడూ ఓడింది. 2017లో కామెరూన్ ఆఫ్రికా కప్ గెలిచింది, కానీ ఆ జట్టులో చూపో-మోటింగ్ లేడు! సీడార్ఫ్ కోచ్‌గా ఉన్న రోజుల్లో కెప్టెన్ అయ్యాడు, 2019 ఆఫ్రికా కప్‌లో జట్టు నైజీరియా చేతిలో ఓడి బయటికొచ్చింది. అదృష్టం ఎప్పుడూ ఒక స్టేషన్ ముందో వెనకో దిగిపోయేది.

2022 మార్చి 29న మాత్రం రైలు కరెక్ట్ టైమ్‌కి వచ్చింది. ప్రపంచకప్ క్వాలిఫయింగ్ ఆఖరి మెట్టు. డువాలాలో మొదటి మ్యాచ్ 0-1తో ఓడిన కామెరూన్, అల్జీరియా గడ్డ మీద బ్లిడాలో గెలిచి తీరాలి. మొదటి సగంలోనే చూపో-మోటింగ్ గోల్. దాంతో లెక్క సమమై మ్యాచ్ అదనపు సమయానికి వెళ్లింది. అల్జీరియా 118వ నిమిషంలో స్కోరు సమం చేసి పండగ మొదలుపెట్టింది. 124వ నిమిషంలో టోకో ఎకాంబీ కొట్టిన గోల్‌తో కామెరూన్ ఖతర్‌కి టికెట్ కొట్టింది. లోకానికి గుర్తున్నది ఎకాంబీ గోలే, సహజం. మొదటిది లేకపోతే రెండోది ఉండదన్నది కామెరూన్‌వాళ్లకి తెలుసు. ఖతర్‌లో సెర్బియా మీద 1-3తో వెనకబడ్డ జట్టుకి మొదట అబూబకర్, మూడు నిమిషాల్లో చూపో-మోటింగ్ గోల్స్ కొట్టి 3-3 చేశారు.

అసలు ఈ దారి కామెరూన్ స్ట్రైకర్లకి కొత్తేం కాదు. ఆ దేశపు ఫుట్‌బాల్‌కి పెద్దాయన రోజర్ మిల్లా, 1990 ప్రపంచకప్‌లో 38 ఏళ్ల వయసులో నాలుగు గోల్స్ కొట్టాడు. నాలుగూ బెంచ్ మీద నుంచి దిగి కొట్టినవే! అంతకుముందు హిందూ మహాసముద్రంలో రీయూనియన్ అనే చిన్న దీవిలో ఆడుకుంటున్న మనిషిని దేశాధ్యక్షుడే పిలిచి రప్పించాడు. ఆ తర్వాత ఆయన ఇండోనేషియాలో కూడా ఆడాడు. ఇంకొకరు పాట్రిక్ ఎంబోమా. పారిస్‌లో జార్జ్ వియా లాంటివాళ్ల వెనక చోటు దొరక్క, 1997లో జపాన్‌లోని గాంబా ఒసాకాకి వెళ్లి, ఒక్క సీజన్‌లో 25 గోల్స్‌తో లీగ్ టాప్ స్కోరర్ అయ్యాడు. తర్వాత ఇటలీ, ఇంగ్లండ్, లిబియా, మళ్లీ జపాన్. మధ్యలో 2000లో సిడ్నీ ఒలింపిక్స్ బంగారు పతకం, ఆఫ్రికా ఉత్తమ ఆటగాడు అవార్డు. వీళ్లు తిరిగినవాళ్లు. తిరిగినందుకు తక్కువైనవాళ్లు కాదు.

మాడ్రిడ్‌లో ఆ రాత్రి

ఇక్కడితో ఆపేస్తే ఇది మోటివేషన్ రీల్ అయిపోతుంది. ఓపిక పట్టు, నీ రోజు వస్తుంది, లైక్ కొట్టు, షేర్ చెయ్యి. నిజం అంత నున్నగా ఉండదు. 2024 మే 8 దగ్గరికి రండి.

మాడ్రిడ్‌లో ఛాంపియన్స్ లీగ్ సెమీఫైనల్ రెండో మ్యాచ్. బయర్న్ 1-0 ముందుంది, ఫైనల్‌కి కొద్ది నిమిషాల దూరం. బయర్న్ కోచ్ ఎవరనుకున్నారు, థామస్ టుకెల్! అదే మేస్త్రీ, మూడో క్లబ్. 85వ నిమిషంలో హ్యారీ కేన్‌ని తీసేసి చూపో-మోటింగ్‌ని దింపాడు. ముందు నిలబడి బంతిని ఆపు, టైమ్ గడిచిపోనీ అని. ఇతనికి అచ్చొచ్చిన పనే.

అవతల రియల్ మాడ్రిడ్ కూడా అంతకు కొద్ది నిమిషాల ముందే తన బెంచ్ మీద నుంచి ఒక స్ట్రైకర్‌ని దింపింది. పేరు హోసేలు. అతని కథ వింటే మీకు నవ్వొస్తుంది. అతనూ జర్మనీలోనే, స్టుట్‌గార్ట్‌లో పుట్టాడు, స్పెయిన్ తల్లిదండ్రులకి. హాఫెన్‌హైమ్, ఫ్రాంక్‌ఫర్ట్, హానోవర్, స్టోక్, న్యూకాజిల్, అలవెస్, ఎస్పాన్యోల్ ఇలా తిరిగి తిరిగి, డిమోట్ అయిన క్లబ్ నుంచి రియల్‌కి అప్పుగా వచ్చాడు. స్టోక్ అన్నాను, విన్నారా? 2017 ఆగస్టులో హోసేలు స్టోక్ ఖాళీ చేస్తున్నప్పుడే చూపో-మోటింగ్ అక్కడ అడుగుపెట్టాడు. ఒకే గది ఒకరు వదిలితే ఇంకొకరు అద్దెకి దిగినట్టు.

88వ నిమిషంలో కీపర్ నోయర్ చేతిలోంచి బంతి జారింది. హోసేలు అక్కడున్నాడు, గోల్. అదనపు సమయంలో మళ్లీ హోసేలు, ఇంకో గోల్. 2-1. రియల్ ఫైనల్‌కి, బయర్న్ ఇంటికి. లిస్బన్‌లో నాలుగేళ్ల క్రితం చూపో-మోటింగ్‌కి దక్కిన రాత్రి, మాడ్రిడ్‌లో అతని కళ్లముందే మరో తిరుగుబోతు పనివాడికి దక్కింది. అదే రకం మనిషి, అదే రకం నిరీక్షణ. ఒకే మైదానంలో ఒకడికి జీవితకాలపు రాత్రి, ఇంకొకడికి గుర్తుపెట్టుకోవాలనిపించని ఐదు నిమిషాలు. ఇద్దరిలో ఎవరు ఎక్కువ ఓపిక పట్టారని అడిగితే నా దగ్గర జవాబు లేదు. సిద్ధంగా ఉన్న ప్రతివాడికీ బంతి రాదు. ఇది చేదుగా ఉన్నా చెప్పాలి.

మరి సిద్ధంగా ఉండి ఏం లాభం అంటారా? చూపో-మోటింగ్ కెరీర్ మొత్తం ముందేసుకుని ఆలోచిస్తే నాకు తట్టింది ఇది. అతను తన చేతిలో ఉన్న భాగాన్ని, లేని భాగాన్ని విడదీసి చూసుకున్నాడు. ఫ్యాక్స్ మెషిన్ అతని చేతిలో లేదు. లెవాండోవ్‌స్కీ మోకాలు అతని చేతిలో లేదు. కేన్‌ని కొనాలా వద్దా అన్నది అతన్ని అడిగి చేసేది కాదు. పొద్దున ప్రాక్టీస్‌కి వెళ్లడం, ఒళ్లు సరిగ్గా ఉంచుకోవడం, దిగమన్నప్పుడు మొహం మాడ్చుకోకుండా దిగడం, ఇవి చేతిలో ఉన్నవి. వీటిలో అతను తగ్గాడని ఏ క్లబ్బూ చెప్పలేదు. ఒకే కోచ్ మూడు క్లబ్బుల్లో పనిచేయించుకున్నాడంటే అంతకంటే పెద్ద సర్టిఫికెట్ ఏముంటుంది? పనివాణ్ణి మేస్త్రీ జాలితో పిలవడు. గోడ వంకర లేకుండా వస్తుందని పిలుస్తాడు.

నష్టం కూడా ఉంది, దాచక్కర్లేదు. ఒకే క్లబ్‌లో పాతికేళ్ల వయసు నుంచి రోజూ ఆడి ఉంటే అతని పేరు మీద ఇంకా ఎన్నో గోల్స్ ఉండేవేమో. ఏ ఊళ్లోనూ అతని విగ్రహం పెట్టరు. హాంబర్గ్ అభిమానికి అతను పాత మనిషి, స్టోక్ అభిమానికి మునిగిపోయిన ఏడాది గుర్తు, పారిస్ అభిమానికి ఒక మీమ్, ఒక గోల్. ఇంత తిరిగినవాడికి ఇదే ఇల్లు అని చెప్పుకోవడానికి ఒక స్టేడియం మిగలదు. కామెరూన్ జెర్సీ ఒక్కటే మారలేదు.

2024లో బయర్న్‌తో కాంట్రాక్టు ముగిసింది. మూడు బుందెస్‌లీగా టైటిల్స్‌తో మ్యూనిక్ నుంచి బయల్దేరాడు. కథ ముగిసిందనుకున్నవాళ్లకి ఇంకో వార్త. 2025 సీజన్‌కి అమెరికాలో న్యూయార్క్ రెడ్‌బుల్స్ పిలిచింది. 36 ఏళ్ల వయసులో కొత్త ఖండం, కొత్త లాకర్, కొత్త కుర్రాళ్లు. వెళ్లాడు, గోల్స్ కొట్టాడు.

మీరు ఈ వారాంతంలో ఏ మ్యాచ్ చూసినా ఒక పని చేయండి. 70వ నిమిషం దాటాక, టీవీవాళ్లు చూపించినా చూపించకపోయినా, గీత పక్కన ముగ్గురు నలుగురు వార్మప్ చేస్తూ కనిపిస్తారు. మోకాళ్లు పైకెత్తుతూ, ముందుకీ వెనక్కీ పరిగెడుతూ ఉంటారు. మధ్యమధ్యలో కోచ్ వైపు ఓసారి చూస్తారు. పిలుపు వస్తుందో రాదో వాళ్లకి తెలియదు. చాలాసార్లు రాదు. మళ్లీ కోటు వేసుకుని కూర్చుంటారు. వాళ్లలో ఒకణ్ణి ఎంచుకుని, ఓ ఐదు నిమిషాలు బంతిని వదిలేసి అతన్నే చూడండి.